మొదటి వాఫుల్ గోల్‌కీపర్‌ది

స్టైన్‌విక్
ఏప్రిల్ 17, 1988

అక్కా,

నువ్వు పంపిన ఎండుచేప అందింది. పోస్టు మనిషి ఆ పొట్లాన్ని రెండు వేళ్లతో పట్టుకొచ్చి గుమ్మంలో పడేసి పోయాడు. నీ మరిది మాగ్నె దాన్ని పెరట్లో బండమీద పెట్టి సుత్తితో కొట్టుకుని తింటున్నాడు. గోడ కడుతున్నాడేమో అనుకుని పక్కింటావిడ తొంగి చూసింది.

ఫోన్ చేద్దామంటే నీకు వినపడదు, వినపడేలా అరిస్తే ఊరంతటికీ వినపడుతుంది. అందుకే కాగితం పట్టుకున్నాను. నా రాత సంగతి తెలుసుగా. ఏడో తరగతితో బడి మానేసి, చేపల డబ్బాలకు మూతలు పెడుతూ ముదిరిన చెయ్యి ఇది. తప్పులుంటే సర్దుకుని చదువుకో.

ఆటస్థలంలో మంచు కరిగింది. కంకర నేల బయటపడింది. నీ మరిది మొన్న సున్నం బండి తోసుకుంటూ వెళ్లి గీతలు గీసి వచ్చాడు. ఇంటికొచ్చి కాఫీ తాగి పడుకున్నాడు. గోల్ ముందు గీత గీసేటప్పుడు ఎలా ఉండిందో నేను అడగలేదు.

సహకార దుకాణం తలుపుకి ఈ ఏటి వంతుల కాగితం అంటించారు. అదే, మ్యాచ్‌ల రోజున పిల్లల అమ్మానాన్నల్లో ఎవరెవరు ఏ పని చెయ్యాలన్నది. మా దగ్గర పెద్దవాళ్ల పేర్లు ఎవరూ రాయరు కదా. ‘సిల్యె వాళ్లమ్మ – కాఫీ’, ‘రోల్ఫ్ వాళ్ల నాన్న – వలలు’, ఇలా పిల్లల పేరుతోనే రాస్తారు. మా మారిత్ ఆడినన్నాళ్లూ ‘మారిత్ వాళ్లమ్మ – వాఫుల్స్’ అని ఉండేది. అది బెర్గెన్‌లో నర్సు చదువుకి పోయాక ‘ఐవిన్ వాళ్లమ్మ – వాఫుల్స్’ అయింది. వేరే పని నాకు ఎన్నడూ ఇవ్వలేదు, నేను అడగనూ లేదు.

ఈసారి వాఫుల్స్ ఎదురుగా ‘రూనె వాళ్లమ్మ’ అని ఉంది. అంటే పళ్ల డాక్టరు భార్య బెంతె. పైనుంచి కిందికి రెండుసార్లు చదివాను. నా వెనక రొట్టె కొనడానికి వచ్చిన ముగ్గురు ఆడవాళ్లు ఒక్కసారిగా బంగాళాదుంపలు ఏరడం మొదలుపెట్టారు.

న్యాయమేలే. నవంబరులో మా ఐవిన్‌ని మట్టిలో పెట్టి వచ్చాక ఆటలో నాకు పిల్లలెవరున్నారు? కానీ అక్కా, వాణ్ణి జబ్బు తీసుకుపోయింది, సరే. నేను వాళ్లమ్మనన్న సంగతిని కూడా ఒక కాగితం తీసుకుపోతుందా?

బెంతె మంచిదే. పిండిలో మాత్రం నీళ్లు కలుపుతుంది. నేను పుల్లమజ్జిగ, యాలకులు వేస్తానని ఊళ్లో పిల్లినడిగినా చెబుతుంది. పెనం కాలీకాలకముందు వేసే మొదటి వాఫుల్ ఎప్పుడూ అంటుకుని చిరుగుతుంది కదా, అది మా ఐవిన్‌ది. హాఫ్‌టైమ్‌లో ఆ పెద్ద గోల్‌కీపర్ గ్లవ్స్ చంకలో పెట్టుకుని ఆటస్థలం బడ్డీ వెనక తలుపు దగ్గరికి వచ్చేవాడు. “చెడిపోయిందా అమ్మా?” అని ఆశగా అడిగేవాడు. బాగా వస్తే వాడికి బాధ.

ఇవన్నీ ఎందుకు రాశానో. బావని అడిగానని చెప్పు.

నీ చెల్లెలు
గున్‌వోర్


వార్దో
ఏప్రిల్ 28, 1988

బంగారు చెల్లికి,

ఇక్కడ ఇంకా మోకాళ్లలోతు మంచు. మీ బావ పేడెర్ రోజూ కిటికీలోంచి పడవని చూసి నిట్టూరుస్తాడు. నన్ను చూసి ఇన్నేళ్లలో ఒక్కసారి అలా నిట్టూర్చలేదు.

నీ ఉత్తరం నాలుగుసార్లు చదివాను. చదివి, దేవుడా, ఆ ఊళ్లో కాస్త బుద్ధున్న మనుషులున్నారు అనుకున్నాను. లేకపోతే ఏమిటే? కొడుకు పోయిన మనిషిని తీసుకొచ్చి, వాడు ఆడిన మైదానం ముందే నిలబెట్టి, ఊరి పిల్లలకి వాఫుల్స్ పొయ్యమంటారా? చిన్నప్పటి నుంచీ నువ్వంతే, ఎవరైనా పని చెప్పకపోతే కాదన్నారనుకుంటావు. అమ్మ నన్ను గొర్రెల దగ్గరికి పంపి నిన్ను ఇంట్లో ఉంచితే కూడా ఏడ్చావు. గుర్తుందా?

విశ్రాంతి తీసుకో. ఉన్ని పంపుతున్నాను, అల్లుకో. వేసవిలో ఇక్కడికి రా.

ఇంకో మాట. నీకు నోరు లేదు కాబట్టి నేనే ఒక పని చేశాను. మీ క్లబ్బు అధ్యక్షుడు ఊడ్‌వార్‌కి ఉత్తరం రాశాను. ‘మా చెల్లిని ఈ ఏడు శ్రమదానం నుంచి తప్పించినందుకు మీకు ఎంతో కృతజ్ఞత. దయచేసి ఈ ఏడంతా కేకు కానీ, పని కానీ, చందా కానీ ఆమెని అడగవద్దు. గుమ్మం తొక్కి గుర్తుచెయ్యవద్దు’ అని. చక్కగా, మర్యాదగా రాశాను. మీ బావ కూడా చదివి తల ఊపాడు.

ఇక నిశ్చింతగా ఉండు.

నీ అక్క
అస్లౌగ్


స్టైన్‌విక్
మే 18, 1988

అక్కా,

తలుపు ఊపిన బావకీ, ఉత్తరం రాసిన నీకూ కలిపి ఒక దండం. తలుపు అని రాశాను చూడు, తల అనబోయి. కోపంలో కలం దారి తప్పుతోంది.

నువ్వా ఈ పని చేసింది! నేనేమో ఊళ్లో అందరికీ ఒక్కసారే పిచ్చిపట్టిందనుకుంటున్నాను.

నిన్న మే పదిహేడు. జెండా పండగ. ఏటా క్లబ్బు వాళ్లే కదా బడి ఆవరణలో గోనెసంచి పరుగులు, చెంచాలో గుడ్డు పరుగులు పెట్టేది. ఇంటికో కేకు అడుగుతారు. నా బాదం కేకుకి అయితే ముందురోజే ఊడ్‌వార్ వచ్చి “చిన్న ముక్క రుచి చూస్తే తప్పా?” అని అడిగి తినిపోయే అలవాటు. ఈసారి ఎవరూ రాలేదు. నేను కేకు చేసి, చివరి దాకా చూసి, దాన్ని నేనూ నీ మరిదీ తిన్నాం. పెద్ద కేకు అక్కా. ఇంకా తింటున్నాం.

ఆవరణలో నేను లేచి నిలబడితే చాలు, ఎవరో ఒకరు పరుగెత్తుకొచ్చి కుర్చీ వేశారు. కాఫీ కెటిల్ మీద చెయ్యి వేశాను, సిల్యె వాళ్లమ్మ లాగేసుకుని “నువ్వు కూర్చో గున్‌వోర్, నువ్వు కూర్చో” అంది. జిల్లా గవర్నరు భార్యలాగా కూర్చున్నాను. పిరుదులు తిమ్మిరెక్కాయి కానీ గౌరవం తగ్గలేదు.

దానికన్నా ముందు ఇంకొకటి జరిగింది. బయటి ఊరి మ్యాచ్‌లకి బస్సు ఖర్చుల కోసం పిల్లలు ఏటా ఇంటింటికీ టాయిలెట్ పేపరు అమ్ముతారు. పెద్ద పెద్ద మూటలు, చక్రాల బండిలో వేసుకుని. మా ఐవిన్ ఎలా అమ్మేవాడో నీకు రాశానుగా. ఒంటరి ముసలాయనకి రెండు మూటలు అంటగట్టి, “ఇది చెడిపోయే సరుకు కాదు తాతా” అన్నాడు. ఈసారి ఆ బండి మా వీధిలోకి వచ్చింది. నేను తలుపు తీసి పెట్టుకుని కూర్చున్నాను. పక్కింట్లో ఆగింది. మా గేటు ముందుకి రాగానే పిల్లలందరూ గొంతు తగ్గించి, చక్రాలు చప్పుడు కాకుండా బండిని ఎత్తి, ఎత్తి అక్కా, చేతుల మీద మోసుకుంటూ దాటించారు. జ్వరంతో ఉన్నవాళ్ల ఇంటిముందు నడిచినట్టు.

ఊరందరి ఇళ్లలో వచ్చే చలికాలానికి సరిపడా టాయిలెట్ పేపరు ఉంది. నేను దుకాణానికి వెళ్లి కొనుక్కున్నాను. డబ్బు తీసుకునే పిల్ల నా మొహం చూడలేకపోయింది.

నాకు విశ్రాంతి ఎవరు కావాలన్నారు? ఇంట్లో కూర్చుంటే ఇల్లంతా వాడే. ఆటస్థలం దగ్గర అయితే వాడు హాఫ్‌టైమ్‌లో మాత్రమే గుర్తొస్తాడు. మిగతాసేపు వాఫుల్స్ మాడకుండా చూసుకోవాలి. ఆ మాత్రం నీకు తెలియదా?

గున్‌వోర్

ఉన్ని అందింది. రంగు బాగుంది. కోపం వేరే, ఉన్ని వేరే.


వార్దో
మే 27, 1988

చెల్లీ,

నీ ఉత్తరం వచ్చిన రోజు మీ బావ పడవ నీళ్లలోకి దించాడు. నేను ఒడ్డున నిలబడి చదివి ఏడుస్తుంటే, నన్ను వదిలి వెళ్తున్నాడని ఏడుస్తున్నాననుకుని మురిసిపోయాడు. అలాగే అనుకోనిచ్చాను.

ఆ పిల్లలు బండిని ఎత్తి దాటించారన్న ముక్క దగ్గర ఆగిపోయాను. అది నా ఉత్తరం చేసిన పని. మంచికి పోయి నీ గేటుకి నేనే గొళ్లెం పెట్టాను.

కానీ నన్ను ఎరుగుదువుగా, చేసిన తప్పుని కూర్చుని చూసుకునే రకం కాదు. వెంటనే ఊడ్‌వార్‌కి ఇంకో ఉత్తరం పడేశాను. ఈసారి మర్యాద తగ్గించాను. ‘మొదటి ఉత్తరం చింపెయ్యండి. మా చెల్లి బడ్డీలో పనికిరాకపోతే, ఆమె వాఫుల్ పెనం మాత్రం మీ బడ్డీలో ఎందుకుంది? అది మా అమ్మ ఇచ్చిన పెనం, క్లబ్బు సొత్తు కాదు. బెంతె గారి నీళ్ల పిండి పొయ్యడానికి కాదు అది ఉన్నది’ అని రాశాను. మగాడికి సూటిగా చెప్తేనే ఎక్కుతుంది. ఇది చదివి పరుగున నీ గుమ్మంలోకి రాకపోతే నా పేరు అస్లౌగ్ కాదు.

అక్క

మీ బావ ఈ ఉత్తరం చదవలేదు. అందుకే ఇది బాగా వచ్చింది.


స్టైన్‌విక్
జూన్ 6, 1988

అక్కా,

నీ పేరు అస్లౌగే. పరుగున వచ్చాడు.

నిన్న ఆదివారం, చర్చి అయ్యాక. కోటు తొడుక్కుని, చేతిలో ట్యులిప్ పూలు, చంకలో పెద్ద పొట్లం. నీ మరిది గుమ్మంలో పైపు కాలుస్తున్నాడు. వాళ్లిద్దరూ ఒక బెంచీమీద చదువుకున్నారు కానీ నిన్న కొత్త అల్లుడూ మామా మాట్లాడుకున్నట్టు మాట్లాడుకున్నారు.

“వాన పడేట్టుంది” అన్నాడు ఊడ్‌వార్.

“పడొచ్చు.”

“మైదానం గీతలు పోతాయేమో.”

“పోతే మళ్లీ గీస్తాను.”

“అదీ నిజమే.”

ఇలా వానని పావుగంట తడిపారు. చివరికి ఊడ్‌వార్ నావైపు తిరిగి పొట్లం విప్పాడు. నా పెనం అక్కా. అమ్మ పెనం. బెంతె దాన్ని రెండు రోజులు కూర్చుని తోమిందట, తళతళలాడుతోంది. దానికి ఎర్ర రిబ్బను కట్టి, క్లబ్బు తరఫున ఒక కార్డు పెట్టారు. ‘ఇన్నేళ్ల సేవకి కృతజ్ఞతలతో’ అని.

“నీ అక్క రాసింది న్యాయమే గున్‌వోర్” అన్నాడు. “నీ సొత్తు మా దగ్గర ఉంచుకోవడం తప్పు. నాకు తట్టనే లేదు. క్షమించాలి.”

“కాఫీ తాగుతావా?” అన్నాను. వద్దు, మీకు శ్రమ అన్నాడు. పూలు నా చేతిలో పెట్టి, టోపీ తీసి, గేటు కూడా చప్పుడు కాకుండా వేసుకుని వెళ్లిపోయాడు.

పదవీ విరమణ చేయించావు అక్కా నాకు. పూలతో సహా.

నీ మరిది పెనాన్ని చాలాసేపు చూశాడు. “వేడి చెయ్యి” అన్నాడు. పిండి కలిపాను. తోమితే పెనం మీద పాత జిడ్డు అంతా పోతుంది కదా, మొదటిది ఎన్నడూ లేనంతగా అంటుకుంది. గీకి పళ్లెంలో పెట్టాను. ముక్కలు ముక్కలుగా, ఒకవైపు నల్లగా, ఒకవైపు పచ్చిగా. మా ఇద్దరిలో ఎవరమూ దాన్ని ముట్టుకోలేదు. నీ మరిది రెండోది తిన్నాడు, నేను మూడోది తిన్నాను. మొదటిది సాయంత్రం దాకా బల్లమీదే ఉంది. తర్వాత సముద్రపు కాకులకి వేశాను.

ఇక నువ్వు ఎవరికీ ఉత్తరం రాయవద్దు. నీకు మొక్కుతాను.

గున్‌వోర్


వార్దో
జూన్ 12, 1988

చెల్లీ,

రాయను. కలం మీ బావ దాచేశాడు, ఇది పెన్సిలు.

ఆ ఊడ్‌వార్ ఇంత సాధువని నాకేం తెలుసు? ఎత్తిపొడుపుని ఫిర్యాదు అనుకుని సరుకు తిరిగిచ్చేవాణ్ణి ఇప్పుడే చూస్తున్నాను.

కానీ ఆలోచించు. పెనం నీ ఇంట్లో ఉంది. అంటే బడ్డీలో పెనం లేదు. ఈ శనివారం అవతలి ఒడ్డు హోల్మె వాళ్లు పడవలో ఫ్యోర్డ్ దాటి మ్యాచ్‌కి వస్తున్నారని నువ్వే రాశావు ఎప్పుడో. వాళ్లకి ఏం పెడతారు? హోల్మె వాళ్లకి ఉత్తి కాఫీ పోసి పంపితే స్టైన్‌విక్ పరువు ఇంకో ఇరవై ఏళ్లు లేవదు. గోల్స్ పోతే పోనీ, అది అలవాటే.

నిన్ను పిలవడానికి వాళ్లకి భయం. అడగడానికి నీకు భయం. మీరంతా ఇలాగే టోపీలు తీసుకుంటూ తలుపులు మెల్లగా వేసుకుంటూ ముసలివాళ్లైపోతారు. పొరుగింట్లో పురుడొస్తే అమ్మ ఎవరి పిలుపు కోసం ఆగిందే? నీళ్లు కాచుకుంటూ లోపలికి పోయేది.

పో. మజ్జిగ పుల్లబెట్టు.

అక్క


స్టైన్‌విక్
జూన్ 19, 1988

అక్కా,

వెళ్లాను.

శనివారం పొద్దున పిండి కలిపి పాల క్యానులో పోసుకున్నాను. పెనం, క్యాను, జామ్ సీసాలు తోటపని బండిలో పెట్టుకున్నాను. రిబ్బను విప్పలేదు, తొందరలో మరిచాను. నీ మరిది “నేను తోస్తాను” అన్నాడు. “నువ్వు పోయి గీతలు గీసుకో” అన్నాను. కంకర రోడ్డు మీద ఆ బండి చేసిన చప్పుడుకి వీధిలో ప్రతి కిటికీ తెర కదిలింది. నేను ఎత్తి మోయలేదు. మోగనీ అనుకున్నాను.

బడ్డీలో బెంతె ఒక్కతే ఉంది. ముందర దుకాణంలో కొన్న బిస్కెట్ల పొట్లాలు వరసగా పేర్చుకుని, హోల్మె పడవ దిగుతున్న జనాన్ని చూస్తూ వణుకుతోంది. నన్ను చూసి లేచి నిలబడింది.

“గున్‌వోర్, నువ్వు కూర్చో…”

“ఇంకొకసారి నన్ను కూర్చోమన్నావంటే ఈ క్యాను నీ నెత్తిన పోస్తాను. పెనం ప్లగ్ ఎక్కడ పెట్టాలి?”

పాపం, బావురుమంది. “నేనెప్పుడు అడిగానే ఈ పని? నీ చోట్లో నిలబడ్డానని రోజూ నిద్రపట్టేది కాదు. నువ్వు తిట్టుకుంటున్నావని అందరూ అనేవారు.”

“తిట్టుకున్నది నిన్ను కాదు, నీ పిండిని” అన్నాను. ఏడుస్తూనే నవ్వింది. “నీళ్లు ఎందుకు పోస్తావే?” అంటే, “మా ఆయన పళ్లకి తీపి మంచిది కాదంటాడు” అంది. చెప్పు, ఇలాంటి మనిషిని ఎలా తిట్టేది?

మ్యాచ్ సంగతి. మా పిల్లలు పదకొండు మంది కావాలంటే ఆడపిల్లల్ని కూడా కలుపుకోవాలి, తెలుసుగా. ఇప్పుడు గోల్‌లో నిలబడేది సహకార దుకాణం వెనక ఉండే యూరున్. పన్నెండేళ్లు, పుల్లలాంటి పిల్ల. మా ఐవిన్ గ్లవ్స్ దానికిచ్చింది నీ మరిదేనట, నాకు చెప్పకుండా. ఆ గ్లవ్స్ మోచేతుల దాకా వచ్చాయి. నేను వాటివైపు చూడకుండా పని చేసుకున్నాను. హోల్మె వాళ్లు ఒక గోల్ కొట్టారు, ఇంకోటి కొట్టారు, తర్వాత నేను లెక్క మానేశాను. ప్రతి గోల్‌కీ ఊడ్‌వార్ బడ్డీ వైపు చూసి, నన్ను చూసి, మళ్లీ మైదానం వైపు తిరిగేవాడు. ఏ దెబ్బకి ఎక్కువ బెదురుతున్నాడో తెలియలేదు.

హాఫ్‌టైమ్‌కి ముందు పెనం వేడెక్కింది. మొదటిది వేశాను. అంటుకుంది. గీకి తీశాను. బెంతె దాన్ని డబ్బాలో పారెయ్యబోయింది. “ఉంచు” అన్నాను. ఎందుకన్నానో తెలియదు. కిటికీ గట్టుమీద పెట్టి రెండోది వేశాను.

విజిల్ ఊదారు. ముందు కిటికీ దగ్గర హోల్మె వాళ్లంతా గుమిగూడారు. అప్పుడు వెనక తలుపు తట్టారు అక్కా. వెనక తలుపు. నా చేతిలో గరిటె ఆగిపోయింది. తీసే ధైర్యం లేక అలాగే నిలబడ్డాను. బెంతె తీసింది.

యూరున్. మోకాలు గీరుకుపోయి, మొహం నిండా మట్టి, చంకలో ఆ గ్లవ్స్.

“ఐవిన్ వాళ్లమ్మా, చెడిపోయిందా?” అంది.

నేను గట్టుమీది ముక్కలవైపు చూశాను.

“మొదటిది చెడిపోతుంది కదా. అది గోల్‌కీపర్‌ది కదా” అంది, నాకు తెలియదేమో అన్నట్టు. “ఐవిన్ చెప్పాడు. గోల్‌లో నిలబడితే అందరూ తిడతారు కానీ మొదటి వాఫుల్ మాత్రం ఇంకెవరికీ ఇవ్వరు, అది రూలు అన్నాడు. అందుకే నేను నిలబడ్డాను. బెంతె గారేమో అన్ని మ్యాచ్‌లలోనూ పారేశారు. నేను అడగలేదు.”

రూలట! వాడికి ఆకలేసి వచ్చేవాడనుకున్నాను నేను. నాకోసం వచ్చేవాడనుకున్నాను. వాడేమో దాన్ని ఊరి ఆచారం చేసి, తర్వాతవాళ్లకి అప్పగించి పోయాడు.

గట్టుమీది ముక్కలు పళ్లెంలో పెట్టి ఇచ్చాను. జామ్ ఎక్కువ వేశాను. నిలబడే తింది. “నల్లగా ఉన్నవైపు బాగుంది” అంది. అచ్చం ఆ మాటే అనేవాడు. నేను కాస్త ఏడ్చాను, పొగ అన్నాను. అది పొగవైపు చూసి, నావైపు చూసి, “ఎన్ని గోల్స్ పోయాయో మీరు చూళ్లేదుగా?” అని అడిగింది. “ఒక్కటీ చూళ్లేదు” అన్నాను. నిజమే చెప్పాను, ఎక్కువ భాగం.

ఊడ్‌వార్ ఎప్పుడు వచ్చాడో ముందు కిటికీ దగ్గర నిలబడి ఉన్నాడు. పెన్సిలు చెవిమీంచి తీశాడు, మళ్లీ పెట్టాడు, మళ్లీ తీశాడు. “గున్‌వోర్, ఒక మాట. ఏప్రిల్‌లో ఆ కాగితం రాసేటప్పుడు… నీ పేరు ఎలా రాయాలో నాకు తెలియలేదు. వాడి పేరుతో రాస్తే నీకు గుచ్చుకుంటుంది. వేరే పేరుతో రాస్తే వాడికి అన్యాయం. మూడు రోజులు ఆలోచించి, పిరికివాణ్ణి, వదిలేశాను.”

“ఎప్పుడూ ఎలా రాశావో అలాగే రాయి” అన్నాను.

ఇవాళ చర్చి నుంచి వస్తూ దుకాణం తలుపు చూశాను. ‘రూనె వాళ్లమ్మ’ని కాఫీకి మార్చాడు. వాఫుల్స్ ఎదురుగా పెన్సిలుతో, పెద్దక్షరాలతో, ‘ఐవిన్ వాళ్లమ్మ’. నాకు ఇంకెవరూ పిల్లలు లేరన్నట్టు ఉందని మారిత్ అలిగితే నువ్వే సర్దిచెప్పు.

మ్యాచ్ ఓడిపోయాం. ఎంత తేడాతో అని అడగవద్దు, బావకి చెబుతావు. హోల్మె వాళ్లు పడవ ఎక్కేముందు వాఫుల్స్ మాత్రం మీవే గెలిచాయని ఒప్పుకున్నారు. ఒప్పుకోకపోతే పడవ ఎక్కనిచ్చేవాళ్లం కాదు.

ఇంకో సంగతి. ఇందాక తలుపు దబదబా కొట్టారు. పిల్లల గుంపు, చక్రాల బండితో. మే నెలలో నాకు అమ్మని మూటలన్నీ విడిగా దాచిపెట్టారట, నా వాటా అని. అన్నీ కొన్నాను. మెట్లకింద పట్టలేదు, ఐవిన్ గదిలో పెట్టించాను. నవంబరు తర్వాత ఆ గది తలుపు తెరవడం ఇదే మొదలు. పిల్లలు లోపలికి పోయి, మూటలు గోడకి గోల్‌పోస్టులా పేర్చి, ఒకరినొకరు తోసుకుని నవ్వి, గేటు ధడాలున వేసి పోయారు.

మీకు ఒక మూట రేపటి పోస్టులో పంపుతున్నాను. చెడిపోయే సరుకు కాదు.

నీ చెల్లెలు,
ఐవిన్ వాళ్లమ్మ